సోమ్లి చేను సోమ్లికే

నేను గుగులోత్ జైరాం, తండ్రి కీ.శే. దేవ్లా, వయసు అరవై తొమ్మిది, ఆర్టీసీ రిటైర్డ్ డ్రైవరును, భద్రాచలం అడవి దారిలోని చండ్రతండా నివాసిని. ఎడమ చెయ్యి సరిగా లేవకపోయినా బుద్ధి నిలకడగానే ఉంది. ఎవరి బలవంతమూ లేకుండా, నా ఇష్టంతో ఈ వీలునామా రాయిస్తున్నాను. దీన్ని అమలు చేసే బాధ్యత నా బస్సులో పంతొమ్మిదేళ్లు కండక్టరుగా తిరిగిన మడకం దూలయ్యది.

1. తండాకు పడమట ఉన్న మూడెకరాల చేను నా తదనంతరం నా భార్య సోమ్లికి సర్వహక్కులతో చెందాలి. పట్టా నా పేరిట ఉన్నా, అది ఆమె తల్లి సక్రి పొదలు కొట్టి చదును చేసిన నేల. గట్టు మీద సక్రి పెంచిన ఇప్పచెట్లు రెండు ఉండేవి. ఎండాకాలం తెల్లారేసరికి కింద పూలు పరుచుకునేవి. పెళ్లయిన కొత్తలో నేనూ సోమ్లీ పక్కపక్కన వంగి ఏరేవాళ్లం. ఆ వాసన ఇప్పటికీ నా ముక్కులోనే ఉంది. 2008లో ఆమె మా కూతురి కాన్పుకని ఖమ్మం వెళ్లినప్పుడు, పామాయిల్ మొక్కలకు నీడ అడ్డమని ఆ చెట్లు కొట్టించాను. ఆమెను అడగలేదు. తిరిగొచ్చి మొద్దులు చూసింది, కట్టుకున్న చీరతోనే వెళ్లిపోయింది. భద్రాచలం బస్టాండులో విస్తరాకులు అమ్ముకుని బతికింది. రిటైరయ్యేదాకా ఆరేళ్లు రోజూ ఆమె ముందే బస్సు ఆపాను. ఒక్కరోజూ తలెత్తి చూడలేదు.

2. ఇల్లు నా కొడుకు భాస్కర్‌ది. తల్లి ఉన్నన్నాళ్లు ముందు గది ఆమెది. నన్ను వదిలిపోయిందని 2016లో ఫ్యామిలీ కోర్టులో విడాకులకు వేస్తే, భాస్కర్ నా పక్షాన సాక్ష్యం చెప్పాడు. డిక్రీ నాకే వచ్చింది. అప్పటి నుంచి వాడు తల్లి ముఖం చూడలేకపోతున్నాడు. బిడ్డా, ఆ మాటలు నీతో చెప్పించింది నేను. సిగ్గు నాది, నీది కాదు.

3. ప్రమాదం లేకుండా బండి నడిపినందుకు డిపోలో ఇచ్చిన చేతి గడియారం నా కూతురు జ్యోత్స్నకు. తల్లి చేత హైకోర్టులో అప్పీలు వేయించిందని ఆమెతో మూడేళ్లు మాట్లాడలేదు. ఆ అప్పీలే లేకపోతే నా భార్య నాకు లేదు.

ఆ సంగతీ ఇక్కడ రాయాలి. అప్పీలు నడుస్తుండగా మమ్మల్ని మధ్యవర్తి దగ్గరికి పంపారు. ఏం కావాలమ్మా అని అడిగితే సోమ్లి, "నాకేం ఇయ్యకుండ్రి సారూ. చెట్లు కొట్టి తప్పు జేసిన అని ఒక్కపాలి అనమనుండ్రి" అంది. పద్నాలుగేళ్లు నా నోట రాని మాట. అన్నాను. వినబడలేదంటే మళ్లీ అన్నాను. డిక్రీ రద్దు చేయమని ఇద్దరం రాజీపత్రం ఇచ్చాం. కలిసి ఉంటారా అని లాయరు అడిగాడు. "వస్త అని రాయకు. రానని గూడ రాయకు" అంది.

రెండేళ్లు రాలేదు. నిరుడు నాకు పక్షవాతం వచ్చి దవాఖానాలో పడితే, ఎవరూ పిలవకుండానే వచ్చింది. "జరుగు, కూసుంట" అని మంచం మీద కూర్చుంది. అప్పటి నుంచి ఇక్కడే ఉంది.

4. నేను పోయినరోజు సోమ్లి ఏడవకపోతే తండాలో ఎవరూ తప్పు పట్టొద్దు. నా కోసం ఏడవాల్సిందంతా నేను బతికుండగానే ఏడ్చేసింది.

పైదంతా చదివించుకుని విని, సరే అనుకుని, సాక్షుల ఎదుట కుడిచేత్తో సంతకం చేశాను.

చండ్రతండా, 9 నవంబరు 2025

(సంతకం) గుగులోత్ జైరాం

సాక్షులు:
మడకం దూలయ్య
భూక్యా బద్యా, పొరుగు చేని రైతు