పడవవాడి గొంతు

రౌస్ హిల్, సిడ్నీ
మార్చి 8

ప్రియమైన భ్రమరా,

రోజంతా సినిమావాళ్ళకు గొంతు అరువిచ్చి ఇంటికొచ్చాక ఫోన్ ఎత్తనంటావు కదా, అందుకే మెయిల్‌లో ఈ ఉత్తరం. నీ డబ్బింగ్ పనికి సంబంధించిన సంగతే.

పెండిల్ హిల్‌లో మా డెంటల్ క్లినిక్‌కి ఒస్టాప్ అనే ఉక్రెయిన్ పెద్దాయన కట్టుడు పళ్ళ కోసం వస్తున్నాడు. ఎనభై ఏళ్ళుంటాయి. మాట స్పష్టంగా రావాలని ఒకటే పోరు. ఎందుకో ఆయన చెప్పలేదు, మనవరాలు లెస్యా చెప్పింది. కుర్రతనంలో ఆయన సినిమా నటుడట! రెండు చిన్న వేషాలు, మూడో సినిమాలో హీరో. పడవవాడి పాత్ర. లెస్యా పంపితే ఇంట్లో వేసి చూశాం. అబ్బ, ఏం నటన! తెడ్డు వేస్తుంటే వీపుతోనే దిగులంతా చెప్పేశాడు. మా ఆయన చలపతి క్రికెట్ ఆపి చూశాడంటే అర్థం చేసుకో.

కానీ ఆ గొంతు ఆయనది కాదు. పల్లెటూరి యాస ఉందని స్టూడియోవాళ్ళు ఇంకెవరి చేతో చెప్పించారు. రిలీజ్ రోజు హాల్లో కూర్చున్నాకే ఆయనకు తెలిసిందట. సగంలో లేచి వెళ్ళిపోయాడు, మళ్ళీ నటించలేదు. ఈ దేశం వచ్చి రిటైరయ్యేదాకా బస్సు నడిపాడు. అంత గొప్ప నటుడి గొంతు ఎవడో దొంగిలించాడు చూడు!

వచ్చే నెల వాళ్ళ అసోసియేషన్ హాల్లో ఆ సినిమా వేస్తున్నారు. తన మాటలు వచ్చినప్పుడల్లా లెస్యా సౌండ్ ఆపేస్తే, ఆయన తెర పక్కన నిలబడి స్వయంగా చెబుతాడట. ఇన్నేళ్ళకు దొరికిన ఒక్క అవకాశం. ఎలా చెప్పాలో కాస్త నేర్పవే. సినిమా లింక్ పంపుతున్నాను.

నీ శాంతి


హైదరాబాద్
మార్చి 11

ఏమే డాక్టరమ్మా,

చూశాను. నటుడంటే అతనే, సందేహం లేదు.

పెదాలు చూడొద్దని చెప్పు. పెదాలు చూసేవాడు ఎప్పుడూ వెనకబడతాడు. భుజాలు చూడమను. మాటకు ముందు ఊపిరి తీసుకుంటే భుజం లేస్తుంది. అక్కడే అందుకోవాలి.

ఇక నా మాట. దొంగ అన్నావు, నాకు ఒళ్ళు మండింది. ఎంతమంది హీరోయిన్ల నోట మాట్లాడాను నేను! ఎవరినీ దోచుకోలేదు. వాళ్ళు ఎండలో ఏడ్చిన ఏడుపంతా చీకటి గదిలో మళ్ళీ మొదటినుంచీ ఏడ్చాను. టైటిల్స్‌లో నా పేరు కూడా వేయలేదు. ఆ పడవవాడికి గొంతిచ్చినవాడూ అలాంటివాడే. చెవిపెట్టి విను, ఎంత బాగా చెప్పాడో. అతని పేరేమిటో మీ పెద్దాయన్ని అడుగు.

కోపంగానే, 
నీ భ్రమరాంబ


రౌస్ హిల్
మార్చి 20

భ్రమరా,

నోరు జారాను, నాలుగు తిట్టు.

నీ ఉత్తరం ఆయనకు ఇంగ్లీషులో చెప్పాను. భుజాల సంగతి వినగానే కళ్ళు మెరిశాయి. పేరు అడిగేసరికి "నాకు తెలీదు" అని కుర్చీలోంచి లేచి, పళ్ళు కూడా తీసుకోకుండా వెళ్ళిపోయాడు. తరవాతి అపాయింట్‌మెంట్‌కి రాలేదు. "డాక్టర్, తాతయ్య షోకి రానంటున్నాడు" అని లెస్యా ఫోన్ చేసింది. ఆయనకున్న ఆ ఒక్క అవకాశం నేనే పాడుచేశానేమోనని భయంగా ఉందే.

శాంతి


హైదరాబాద్
మార్చి 22

శాంతీ,

పళ్ళు నువ్వే తీసుకెళ్ళి ఇచ్చిరా. నేనడిగినదానికి జవాబు అక్కర్లేదని చెప్పు. తన మాట తను చెప్పుకోవాలనుకోవడం న్యాయమే. ఆ మాత్రం నాకు తెలియదా?

నీ భ్రమర


రౌస్ హిల్
ఏప్రిల్ 14

నా బంగారు భ్రమరా,

పళ్ళు ఇచ్చి, నీ మాట చెప్పి వచ్చాను. ఆయన షోకి వచ్చాడు! ఇస్త్రీ కోటు వేసుకుని తెర పక్కన మైకు ముందు నిలబడ్డాడు. తెరమీద కుర్రాడి భుజం లేచింది, కింద ముసలాయన భుజం కూడా లేచింది. మాట సరిగ్గా అతికింది. వెనక వరసల్లో పెద్దవాళ్ళు కళ్ళు తుడుచుకున్నారు. వాళ్ళ పల్లె యాస సినిమాలో హీరో నోట వాళ్ళెప్పుడూ వినలేదట. నాకు ఒక్క ముక్క అర్థం కాకపోయినా ఏడ్చాను.

చివర్లో తల్లి శవాన్ని పడవలో ఏరు దాటించే సీను. మొత్తం సీనుకి ఒక్కటే మాట. ఆ పడవ కదలగానే ఆయన మైకు కట్టేసి, సౌండ్ పెంచమని లెస్యాకు సైగ చేశాడు. "అమ్మా, చెయ్యి లోపల పెట్టుకో, నీళ్ళు చల్లగా ఉన్నాయి" అని ఆయనకు గొంతిచ్చిన ఆ రెండో మనిషే చెప్పాడు (అర్థం తరవాత లెస్యా చెప్పిందిలే).

లైట్లు వేశాక, గొంతు పట్టేసిందా అని ఎవరో అడిగారు. ఆయన చెప్పింది లెస్యా నాకు ఇంగ్లీషులో చెప్పింది.

"కాదు. షూటింగ్‌లో నేనీ మాట ఏడుస్తూ చెప్పాను. అతను ఏడవకుండా చెప్పాడు. అతను చెప్పిందే సరైనది. ఆ రోజు హాల్లో నాకది తెలిసిపోయింది. అందుకే లేచి వెళ్ళిపోయాను."

తరవాత అతని పేరు చెప్పాడు. మికోలా అట. ఇంటిపేరు, తండ్రి పేరు, ఊరి పేరుతో సహా, ఒక్కచోట కూడా తడుముకోకుండా. జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. అవి ఇద్దరికీ అనుకున్నాను.

బయటికొస్తుంటే నా చెయ్యి పట్టుకుని, నీ సినిమా ఒకటి చూడాలన్నాడు. ఏది పంపను? హీరోయిన్ ఎవరైనా ఫరవాలేదట, నువ్వుంటే చాలట.

నీ శాంతి