సంరక్షణ నుండి కాలువ బంగళా తోటను కాపాడుట గురించి

ఆళ్లగడ్డ,
25 మే 1984.

ప్రత్యేకాధికారి గారి సముఖమునకు,
ఉద్యానవన సంరక్షణ విభాగం, నంద్యాల.

అర్జీదారుడు: ఎం. రాజరత్నం, వయసు 66, విశ్రాంత డ్రాయింగు మాస్టరు, కాలువ బంగళా ఎదురిల్లు, ఆళ్లగడ్డ.

విషయం: 1979లో ఇదే అర్జీదారుడు పెట్టుకున్న అర్జీని వెనక్కి తీసుకొనుట, తోటకు నీళ్లు పోయుటకు అనుమతి, తోటమాలి యోబు మీద కేసు రద్దు.

అయ్యా,

సంరక్షణ కావాలని తమ కార్యాలయానికి చాలా అర్జీలు వస్తుంటాయి. సంరక్షణ వద్దని వచ్చినది ఇదొక్కటే కావచ్చు. దీనిని ఏ ఫైలులో పెట్టాలో గుమాస్తా గారికి తోచకపోతే అది ఆయన తప్పు కాదని ముందుగానే మనవి చేసుకుంటున్నాను.

1. కాలువ బంగళా చుట్టూ ఉన్న ఎకరంన్నర తోటను 1936లో వేసినది దానమ్మ అనే కూలిమనిషి. బంగళా కట్టించిన దొర ఆమెకిచ్చినది ఒక తాడు, నలభై మేకులు, ఏదో ఒకటి నాటమన్న ఉత్తర్వు. ఆమె వసారా మెట్ల మీద కూర్చుని, గడకర్ర పట్టుకున్న మనిషిని అటు పో, ఇటు పో అని మూడు రోజులు తిప్పిందట. మెట్ల మీద నుంచి చూస్తే రెండు కానుగ వరసల నడుమ నల్లమల కొండ తప్ప ఇంకేదీ కనపడకూడదని ఆమె పట్టు. గేటు దగ్గర నిలబడితే తోట చిన్నది. లోపలికి పదడుగులు వేస్తే దారి గోరింట కంచె వెంబడి వంపు తిరిగి, ఎంతో దూరం నడిచినట్టు ఉంటుంది. ముప్పై ఏళ్లు డ్రాయింగు చెప్పిన నేను ఆ వంపును కాగితం మీద సరిగా దించలేకపోయాను. దానమ్మ వేలిముద్ర మనిషి. ఆమె కొడుకే యోబు. తల్లి పోయినప్పటి నుంచి పదిహేనేళ్లుగా తోటను చూస్తున్నది అతనే.

2. 1979లో ఆ తోట కొట్టేసి సిమెంటు గోడౌను కడతారని వినికిడి వచ్చింది. అప్పుడు నేను పటాలతో సహా పదకొండు పేజీల అర్జీ రాసి, తోటను సంరక్షించమని వేడుకున్నాను. మూడేళ్లకు ఉత్తర్వు వచ్చింది. ఆరోజు వీధిలో అందరికీ మైసూరుపాకు పంచాను. యోబు ఒక ముక్క తీసుకుని, "ఇంగ మనకు భయం లేదా అయ్యవారూ?" అని అడిగాడు. లేదని చెప్పాను. ఆ మాటకు నేనే బాధ్యుణ్ణి.

3. తమ సిబ్బంది వచ్చి తోటలో చెట్లు, మొక్కలు కలిపి 214 అని లెక్క తేల్చారు. ప్రతిదానికీ నంబరు రేకు తగిలించారు. చెట్లకైతే మేకులతో కొట్టారు. 187వ నంబరు వయ్యారిభామ. అది కలుపు అని యోబు చెప్పబోతే, లెక్కించిన రోజున తోటలో ఉన్నదంతా రక్షితమేనన్నారు. రెండేళ్లలో ఆ 187 తోటలో మూడో వంతు ఆక్రమించినది. సంరక్షణ వలన బాగుపడినది అదొక్కటేనని న్యాయంగా ఒప్పుకుంటున్నాను.

4. ఉత్తర్వులోని ఏడవ నిబంధన ప్రకారం తోటను ఉన్నది ఉన్నట్టుగా ఉంచవలెను. కత్తిరిస్తే ఉన్నట్టు ఉండదు. తవ్వితే ఉండదు. నీళ్లు పోస్తే పెరుగుతుంది కనుక అసలే ఉండదు. కాబట్టి యోబు కత్తెర, పార, రెండు నీళ్ల డబ్బాలు తోటకు హాని కలిగించగల సామాను కింద స్వాధీనం చేసుకుని గేటుకు తాళం వేశారు. తాళంచెవి నంద్యాలలో ఉన్నది. కాపలాకు సుబ్బయ్య అనే మనిషిని పెట్టారు. తోటమాలిని తోటలోకి పోనివ్వకుండుట అతని పని. యోబు నెలనెలా జీతానికి సంతకం పెట్టి, రోజంతా గేటు బయట బండ మీద కూర్చుంటున్నాడు. పని చేయని తోటమాలులను చూశాను గాని, పని చేయనివ్వలేదని ఏడ్చే తోటమాలిని ఇతనినే చూశాను.

5. పోయిన సంవత్సరం కానుగ వరసల నడుమ పన్నెండడుగుల బోర్డు నిలబెట్టారు. ఈ తోట దొరగారిచే నిర్మింపబడి, ఈ విభాగముచే సంరక్షింపబడినదని దాని మీద ఉన్నది. ఇప్పుడు మెట్ల మీద కూర్చుంటే కొండ కనపడదు, బోర్డు వీపు కనపడుతుంది. బోర్డు పాతించిన మేస్త్రీని ఎందుకిక్కడ పెట్టావని అడిగాను.

"ఆడ ఖాళీగా ఉండె కదన్నా," అన్నాడు.

"ఆ ఖాళీ కోసమే చెట్లు నాటింది నాయనా."

అతను నన్ను ఎగాదిగా చూసి, "ఖాళీకి నంబరు లేదే," అన్నాడు.

లెక్కల జాబితా మళ్లీ చూశాను. నిజమే, లేదు.

6. ఈ వేసవికి ముప్పై ఒక్క చెట్లు చచ్చినవి. పోయిన నెలలో, జీపు లేదంటూ బస్సులో తనిఖీకి వచ్చిన అధికారి గారు 214కు 214 ఉన్నవని రాసుకుని వెళ్లారు. చచ్చినవని నేను చెప్పగా, రేకులన్నీ ఉన్నాయి కదా అని చూపించారు.

7. ఇక అసలు సంగతి. ఈ నెల 14వ తేదీ పొద్దున యోబు గోడ దూకి లోపలికి పోయాడు. అరవై ఏళ్ల మనిషి. వాళ్లమ్మ నాటిన గోరింట కంచె ఎండిన కొమ్మలు విరిచి, పాదులు చేసి, గోడ మీదుగా భార్య ఎస్తేరు అందించిన ఎనిమిది బిందెల నీళ్లు పోశాడు. సుబ్బయ్య చూసి రిపోర్టు రాశాడు. మూడో రోజే అధికారి గారు వచ్చారు. ముప్పై ఒక్క చెట్లు చచ్చినప్పుడు దొరకని జీపు ఎనిమిది బిందెలకు దొరికింది. విచారణలో నేను అక్కడే ఉన్నాను. జరిగినది జరిగినట్టు రాస్తున్నాను.

"ఎవర్నడిగి నీళ్లు పోసినావు?"

"ఎండిపోతాంటే ఎవర్నడగల్ల సార్?"

"ఆఫీసుకు రాయల్ల."

"రాస్తే ఎన్ని దినాలకొస్తాది జవాబు?"

"అది నీకెందుకు? కొమ్మలు ఇరిచినావా లేదా?"

"ఎండినేవే ఇరిచినా సార్. పచ్చివి ఇరిస్తే మాయమ్మ ఊరుకోదు."

మీయమ్మ ఎవరు, ఆమెను కూడా పిలువు అన్నారు. చనిపోయి పదిహేనేళ్లయిందని నేను చెప్పాను. రక్షిత ఆస్తికి నష్టం కలిగించినట్టు కేసు రాశారు. విచారణ జూన్ 11న. ఉద్యోగం పోవచ్చును, మూడు నెలల శిక్ష కూడా పడవచ్చునని నోటీసులో ఉన్నది.

ఆ సాయంత్రం యోబు మా ఇంటికి వచ్చాడు. కుర్చీ వేసినా కూర్చోలేదు. నన్ను ఒక్క మాట అనలేదు. నోటీసు మడిచి జేబులో పెట్టుకుని, "అయ్యవారూ, మీరు రాసిన ఆ కాగితం వాపసు తీసుకోనీకి అయితాదా?" అని మాత్రం అడిగాడు.

ఎస్తేరు అంత నెమ్మది మనిషి కాదు. "గోడౌను కట్టింటే ఒక దినం ఏడ్చి ఊరుకుంటాంటిమి. దీన్ని దినామూ కండ్ల ముందర చంపుతాండారు. మీకు రాసేది బాగా వచ్చు గదా, రాయండి ఇప్పుడు," అన్నది.

అందుకే రాస్తున్నాను. అయ్యా, నేను తోటను కాపాడమని అడిగినప్పుడు, దానిని చూసుకునే మనిషిని దానికి దూరం చేయమని అడగలేదు. రాతికట్టడానికి తాళం వేస్తే నిలుస్తుందేమో, తోట నిలవదు. యోబు చేతులు ఆగిన రోజునే ఆ తోట ఆగిపోయింది. పదకొండు పేజీల అర్జీలో ఈ ఒక్క వాక్యం రాయడం మరిచాను.

8. కనుక తమరు దయతో నా పాత అర్జీని రద్దు చేసి, యోబు మీద కేసు ఎత్తివేసి, అతని కత్తెర, పార, డబ్బాలు అతనికి ఇప్పించి, గేటు తెరిపించవలెను. బోర్డును ఎక్కడైనా నిలబెట్టుకోండి, కొండకు అడ్డం తప్ప. అందులో దానమ్మ పేరు ఉండాలి. కేసు తప్పదంటే మొదటి ముద్దాయిగా నా పేరు వేయండి. తోటను తమకు అప్పగించినది నేనే.

దీనిని నంబరు వేయక మునుపే ఒకసారి చిత్తగించవలెనని ప్రార్థన.

ఇంతవరకు తమ విధేయుడు,
ఎం. రాజరత్నం

తా.క. 28 మే, సోమవారం.

కవరు అంటించే లోపలే కొన్ని పరిణామాలు జరిగినందున తెలియపరచుకుంటున్నాను.

నిన్న ఆరాధన ముగిశాక ఎస్తేరు చర్చి మెట్ల మీద నిలబడి, బిందెలున్న వాళ్లంతా సాయంత్రం బంగళాకు రావాలన్నది. పద్నాలుగు మంది వచ్చారు. ఎదురు వీధి నుంచి సరస్వతమ్మ గారు తన ఇద్దరు కోడళ్లతో వచ్చారు. ఆమె పెండ్లికి గోరింటాకు ఆ కంచెదేనట. సుబ్బయ్య గేటుకు అడ్డం నిలబడ్డాడు. సరస్వతమ్మ గారు బిందె దించకుండానే, "అడ్డం లెయ్ సుబ్బయ్యా, బరువుగా ఉంది," అన్నారు.

"తాళం తీయనీకి నాకు హక్కు లేదమ్మా," అన్నాడు సుబ్బయ్య. కొంచెంసేపు ఆలోచించి, యోబును ఒక పక్క పట్టుకోమని, గేటును మడతబందుల నుంచి పైకెత్తి గోడకు ఆనించాడు. తాళాన్ని ఎవరూ ముట్టలేదు. జూన్ 11న సాక్ష్యం అడిగితే ఆరోజు తనకు ఎండదెబ్బ తగిలి ఏమీ కనపడలేదని చెబుతాడట.

చీకటి పడే వరకు మోశాము. నేను నాలుగు బిందెలు మోసి నడుము పట్టేసి, ఇది మంచం మీద పడుకుని రాస్తున్నాను. దస్తూరీకి క్షమించండి. ఈ పొద్దున పదిన్నరకు యోబు కిటికీ దగ్గరకు వచ్చి, నాలుగు రోజులు ఆగి చూద్దామని, కంచె మొదట్లో ఇంకా పచ్చి ఉందని చెప్పి పోయాడు. అతను నవ్వడం నేను రెండేళ్లకు చూశాను.

తమరు విచారణకు విచ్చేయదలిస్తే సాయంత్రం అయిదు గంటలకు రావలెను. అందరమూ అక్కడే ఉంటాము. బోరింగు దగ్గర ఒక బిందె తక్కువగా ఉన్నందున, తమరు వచ్చునప్పుడు ఒకటి వెంట తెచ్చుకోగలరు.