కథల మిషన్‌కు కీ ఇయ్యని పొద్దు

నాయనా,

ఈ ఉత్తరం నీకు అందేది కాదు. నువ్వు పోయి నేటికి ఏడాది. అయినా నీ మిషన్ సంగతి నీకు కాక ఇంకెవరికి చెప్పేది?

నంద్యాలలో మన అంగడి వెనక, బేతంచెర్ల నాపరాతి బండ మీద నువ్వు బిగించిన ఆ మిషన్‌కు దినామూ నేనే కీ ఇస్తాండా. మన లోకం లాంటివి ఇంకా శానా ఉండాయనీ, ఇది తిరిగినంతకాలం ఏ లోకం కథ ఆ లోకంలోనే నిలబడతాదనీ నువ్వు చెప్తే నవ్వినాను. ఈ పొద్దు పనుల్లో పడి కీ మరిచిపోయినా. మిషన్ ఆగిపోయింది.

వంటింట్లోకి పోతే అమ్మ నుదుట ఇంత బొట్టు.

"ఎవరి బిడ్డవు పాపా? మా పాప పోయి నేటికి ఏడాది. దానికిష్టమని ఓళిగలు చేస్తాండా. మా ఇంటాయన ఆళ్లగడ్డ నుంచి మధ్యాన్నం బస్సుకొస్తాడు" అనింది, పెనం మీద నుంచి చూపు తిప్పకుండా.

గోడ మీద దండేసిన పటంలో నువ్వు లేవు. నేనుండా.

మన కథలో, కుందేరు వరదలో నువ్వు నన్ను ఒడ్డుకు తోసి మునిగిపోయినావు. ఆ కథలో నీ చేతికి నేను అందలేదు.

మిషన్ కాడికి పరిగెత్తినా. కీ మీద చెయ్యి పెట్టి ఎంతసేపు నిలబడినానో. బస్సు హారన్ వినపడింది. తర్వాత అంగట్లో నీ చెప్పుల చప్పుడు.

"ఎవరూ?" అన్నావు.

నిన్ను చూస్తే కీ తిప్పలేను. చూడకుండా తిప్పేసినా. ఆ పొద్దు ఏట్లో గూడా నేను నీ దిక్కు తిరిగి చూడలే.

అమ్మ వచ్చింది. నుదుట బొట్టు లేదు.

"ఈడుండావా? మీ నాయనకిష్టమని చేసినా, తిను" అని ఓళిగ చేతిలో పెట్టింది.

తిన్నాను.

నీ పాప