మా అమ్మాయి మీ దగ్గరుందట

ప్రియమైన పిచ్చుకా,

మనవరాలు పుట్టిందన్న కబురు అందింది. నువ్వు నాన్నమ్మవయ్యావంటే నవ్వొస్తోంది. నిన్నగాక మొన్న నా జడ పట్టుకుని వేలాడినదానివి! కోడలికి, పాపకి నా ముద్దులు.

వెంటనే రాలేకపోయాను. కాలేజీ ఉద్యోగం అయిపోయాక హాయిగా కాళ్ళు చాపుకు కూర్చుందామనుకుంటే, ఇక్కడి పిచ్చాసుపత్రి ఎలా నడుస్తోందో చూసే సందర్శకుల సంఘంలో నన్ను వేశారు. ముందుగా కబురు చేసి వెళ్ళాలట. నేను చెప్పాపెట్టకుండా ఆడవాళ్ళ వార్డులోకి వెళ్ళాను. అందరినీ గచ్చు మీద వరసగా కూర్చోబెట్టి రబ్బరు గొట్టంతో నీళ్ళు కొడుతున్నారు. అదీ స్నానం. ఒకామెని చీర ముక్కతో కిటికీ ఊచకి కట్టేశారు. ఎందుకని అడిగితే "పాడుతుందమ్మా, ఎంత చెప్పినా ఆపదు" అంది ఆయా. పాడినందుకే!

సూపరింటెండెంటు టీ ఇప్పించి, "మీలాంటివాళ్ళు ఇవన్నీ చూడకూడదండీ" అన్నాడు. మా ఇంటి మనిషినైతే చచ్చినా ఇక్కడికి పంపనని మొహం మీదే చెప్పేశాను. ఈ వార్డు మారేదాకా ఊరుకునేది లేదు.

నీ అక్క

*

ప్రియమైన అక్కకు,

నీ ఉత్తరం మీ మరిదికి చదివి వినిపిస్తే భోజనం మధ్యలోంచి లేచిపోయారు. తరవాత తేరుకుని, "మీ అక్క పిల్లలకి పాఠాలు చెప్పడం అయిపోయి డాక్టర్లకి మొదలుపెట్టింది" అని నవ్వారులే.

పాప బాగుంది. కోడలే అదోలా ఉంది. నిద్రపోదు. పాపని ఎత్తుకోమంటే గోడవైపు తిరుగుతుంది. మొన్న "ఇది నా పాప కాదు, మార్చేశారు" అంది. బాలింత చిరాకులే అనుకుంటున్నాం. అబ్బాయే ఊరికే కంగారు పడుతున్నాడు.

అవునుగానీ అక్కా, ఆ పాడే ఆమెకి జబ్బు ఎలా మొదలైందట? పిల్లలున్నారా?

నీ పిచ్చుక

*

ప్రియమైన పిచ్చుకా,

ఇన్ని నెలలు జవాబు రాయనందుకు కోప్పడకు. ఊపిరాడటం లేదు. వార్డు సంగతి పత్రికలో రాశాను. దాంతో నాకే మతి పోయిందని సూపరింటెండెంటు ఊరంతా చెప్పుకుంటున్నాడు. మంత్రిగారి గది బయట బల్ల మీద కూర్చుని కూర్చుని ఆయన బంట్రోతుకి చుట్టాన్నైపోయాను. ఇప్పుడు విచారణ సంఘం వేస్తారట.

పాడే ఆమె గురించి అడిగావు కదూ? కాన్పు తరవాత మొదలైందట. తొలిరోజుల్లోనే మందులు పడితే చాలామంది తేరుకుంటారని కొత్త డాక్టరమ్మ చెప్పింది. ఇంట్లోవాళ్ళు దాచిపెట్టి ఆలస్యం చేశారు.

నా కోడలు కులాసాయేనా? దాని చేత రెండు ముక్కలు రాయించు. వీలు చూసుకుని నేనే వస్తాను.

నీ అక్క

*

అక్కకు,

ఇప్పుడు రావద్దు. ఇంటికి రంగులు వేయిస్తున్నాం, కాలు పెట్టే చోటు లేదు. కోడలు పుట్టింటికి వెళ్ళింది. బాగానే ఉంది. విశ్రాంతి కావాలని పాపని నా దగ్గర వదిలింది. మా గురించి బెంగ పెట్టుకోకు. నీ పని చూసుకో.

పిచ్చుక

*

పిచ్చుకా,

గెలిచాం. సూపరింటెండెంటుని పంపించేశారు. ఆడవాళ్ళకి కొత్త వార్డు కట్టారు. స్నానాల గదులకి తలుపులున్నాయి. ఎవరినీ కట్టెయ్యకూడదని ఉత్తర్వు వచ్చింది. ఇదంతా నీకు ఎంతో సంబరంగా రాయాల్సినదాన్ని.

ప్రారంభం రోజు నాకు దండ వేస్తుంటే ఒకావిడ జనాన్ని తోసుకుంటూ వచ్చి నా చెయ్యి పట్టుకుంది. మీ వియ్యపురాలు. "మా అమ్మాయి మీ దగ్గరుందట కదా వదినగారూ. వైద్యం జరుగుతోంది, ఎవరూ కలవకూడదన్నారు. మాట్లాడను. దూరం నుంచే చూసి పోతాను" అంది.

ఆ దండ తీసి, ఆవిడని మా ఇంటికి తీసుకొచ్చాను. ఏం చెప్పమంటావే ఆవిడకి? ఎక్కడుంది పిల్ల?

అక్క

*

అక్కా,

వెనక సామాన్ల గదిలో ఉంది.

పాపని నీళ్ళ తొట్టిలో పడెయ్యబోయింది. మగాళ్ళిద్దరూ పట్టుకుని గదిలోకి తీసుకెళ్ళారు. గొళ్ళెం పెట్టింది నేను. ఆ ఒక్క పూటకే అనుకున్నాం, ఏడాది దాటింది. ఆసుపత్రికి తీసుకెళ్దామని అబ్బాయి ఏడ్చాడు. నేనే ఒప్పుకోలేదు. గొట్టంతో కడుగుతారని, ఊచకి కడతారని రాసిందెవరు? చచ్చినా పంపనన్నది ఎవరు? నేను వేణ్ణీళ్ళు పెట్టి నా చేతులతో స్నానం చేయిస్తున్నాను. కలిపి తినిపిస్తున్నాను. పారిపోతుందని కాలికి గుడ్డ కట్టాను. మెత్తటి గుడ్డే అక్కా.

వాళ్ళమ్మకి నీ పేరు చెబితే నమ్ముతుందని, పిల్ల నీ ఆసుపత్రిలో ఉందని చెప్పాను. పత్రికల్లో బొమ్మ పడ్డదానివి కదా. ఊళ్ళోవాళ్ళందరి గురించీ కొట్లాడావు. మేం ఎక్కడికి పోవాలో మాత్రం చెప్పలేదు.

నీ చెల్లెలు

*

చెల్లెలికి,

నేను గుమ్మం ఎక్కేసరికి నువ్వు పాపని తీసుకుని పక్కింటికి వెళ్ళిపోయావు. అబ్బాయి గొళ్ళెం తీశాడు. మెత్తటి గుడ్డన్నావు. చీలమండ చుట్టూ చర్మం లేదు. నన్ను చూసి మూలకి జరిగి, "పెద్దత్తయ్యా, పాపని నేనేమీ చెయ్యనండీ" అంది.

కొత్త వార్డులో చేర్పించాను. వాళ్ళమ్మ దగ్గరుంటోంది. ఆవిడ నాతో మాట్లాడదు. మాట్లాడకపోవడమే న్యాయం. మందులు పనిచేస్తున్నాయి, నిద్ర పడుతోంది. "మొదట్లోనే తెచ్చి ఉంటే ఈపాటికి బిడ్డని ఆడించుకుంటూ ఉండేదండీ" అంది డాక్టరమ్మ.

ఆ పిల్ల గోడవైపు తిరుగుతోందని నువ్వు రాశావు. నేను చదివి, మంత్రిగారి బంట్రోతు కబుర్లు తిరిగి రాశాను. అది నా పాపం. గొళ్ళెం నీది. దాన్ని కూడా నా నెత్తిన పెట్టకు.

మొన్న మీ ఊరివాళ్ళు చేసిన సన్మానసభలో మాట్లాడమన్నారు. మా సొంత చెల్లెలింట్లో ఒక పిల్లని కట్టేశారని చెప్పాను. చప్పట్లు లేవు. అధ్యక్షుడు గబగబా వందన సమర్పణ మొదలుపెట్టించాడు. మెట్లు దిగుతుంటే ఒక పెద్దమనిషి వెనకే వచ్చి, "మా ఇంట్లోనూ ఒక గది ఉందండీ" అన్నాడు గొంతు తగ్గించి. ఆయన పక్కకి తప్పుకునేదాకా ఆగి ఇంకొకావిడ అదే మాట అంది. ఆవిడ ఇల్లు మీ వీధిలోనే. నీకు తెలిసిన మనిషే. డాక్టరమ్మని తీసుకుని ముందు అక్కడికే వస్తున్నాం.

నిన్న కోడలు పాపని చూస్తానంది. తీసుకురా. పాపని నేను లోపలికి తీసుకెళ్తాను. నిన్ను రానివ్వాలో వద్దో కోడలే చెబుతుంది. అందాకా గేటు దగ్గర కూర్చో.

అక్క