మధ్యలో మైనస్

మంగళవారం రాత్రి, నోయిడా

సాయంత్రం మా అమ్మాయి సహస్ర రేపటి పరీక్షకు చదువుకుంటూ 8x³ + 27y³ దగ్గర ఆగిపోయింది. నేను పక్కనే బట్టలు మడతపెడుతున్నాను. రెండో బ్రాకెట్‌లో అన్నీ ప్లస్‌లే వేసింది.

"ఘనాల మొత్తం కదమ్మా, మధ్యలో మైనస్ ఆరు xy రావాలి," అన్నాను.

"ఘనం మత్లబ్? క్యూబ్ బోలో నా, మమ్మా. సబ్ ప్లస్ హై, తో మైనస్ కహాఁ సే ఆయేగా?" ఘనం అంటే దానికి తెలియదు, క్యూబ్ అనాలట; అన్నీ ప్లస్‌లే అయితే మైనస్ ఎక్కణ్ణుంచి వస్తుందట.

"గుణించి చూపిస్తాను, ఇలా ఇవ్వు."

"రెహ్నే దో. దీదీని అడుగుతా," అంటూ పుస్తకం మూసేసింది.

కాసేపటికి ఫోన్‌లో ట్యూషన్ దీదీ కూడా మైనసే అంది. "అచ్ఛా! థాంక్యూ దీదీ," అని నవ్వుతూ దిద్దుకుంది. నావైపు చూడలేదు. కావాలనే చూడటం మానేసిందా, లేక నేను చెప్పిన సంగతే మరిచిపోయిందా? రెండోదే అయితే ఇంకా బాధ.

వంటింట్లోకి వెళ్లి పాత క్యాలెండర్ కాగితం వెనక మొత్తం గుణించాను. మధ్య పదాలన్నీ కొట్టుకుపోయి రెండు ఘనాలే మిగిలాయి. స్కూల్లో అయితే మా లెక్కల మాస్టారు, "భారతి ఎలా చేసిందో చూడండ్రా," అని క్లాసంతటికీ చూపించేవారు.

మావారు రాగానే చూపిద్దామనుకున్నాను. ఆఫీసు క్యాబ్ ఆలస్యమైందట. తిన్నారు, పడుకున్నారు.

కాగితం పారేయబుద్ధి కాలేదు. మడిచి డైరీలో ఈ పేజీలోనే పెట్టుకుంటున్నాను.