పైడమ్మక్క గోడ మీద గీత

జూన్ 8
ఇందుమూలంగా ఈ ఇంటి సమస్త ప్రజలకూ, అనగా మా ఆవిడకి, తెలియజేయడమేమనగా: నల్ల గొడుగు నా సొంతం. అనుమతి లేకుండా తెరిచినవారికి వారం రోజులు చాయ్ బంద్.
గట్టిగా చదివి వినిపించాను. విని, అదే గొడుగు పట్టుకుని బజారుకి పోయింది.

జూన్ 11
కోహ్కా నాలా పక్కన సర్వే. పొంగితే నీళ్ళు ఎంతవరకు వస్తాయో మ్యాప్ గీస్తారట. మూడు కాళ్ళ యంత్రం, అంకెల కర్ర, నేహా అనే ఇంజనీరమ్మాయి. పెద్ద వరదప్పుడు నీళ్ళు ఎందాకా వచ్చాయని ఇంటింటికీ ఒకటే ప్రశ్న: "పానీ కహా తక్ ఆయా థా?"
మ్యాప్‌లో ఎరుపు పడిన ఇళ్ళు ఖాళీ చేయించి ఊరి చివర ఫ్లాట్లు ఇస్తారని పుకారు. అంతే, గల్లీ మొత్తానికి మతిమరుపు. వర్మాజీ అసలు నాలాయే చూడలేదన్నాడు. ఆయన వంటింటి కిటికీ తీస్తే నాలాయే...

జూన్ 12
మా గల్లీలో ఇడ్లీలమ్మే పైడమ్మక్క ఇవాళ పొయ్యి వెలిగించలేదు.
"ఏటి తమ్ముడూ, నన్నూ పంపేత్తారేటి? అంత దూరంలో నా ఇడ్లీ ఎవుడు తింతాడు?"
"ఇక్కడ మాత్రం ఎవుడు తింతన్నాడక్కా? నా పళ్ళు గట్టివి కాబట్టి సరిపోయింది."
రోజూ అయితే గరిటె విసిరేది. ఇవాళ నవ్వనైనా లేదు.

జూన్ 13
అక్క ఇంటికి నాలా వైపు గోడ. కట్టెలు జరిపి నేహాకి చూపించాను — గడపకి జానెడు కింద ఎర్ర గీత, పక్కన పెద్ద వరద వచ్చిన ఏడాది అంకెల్లో. పోయిన బావ గీసుకున్న గుర్తు. ప్లాంటు మనిషి కదా, అన్నిటికీ కొలత.
నేహా ఫోటో తీసింది. గీత దగ్గర కర్ర నేనే పట్టుకున్నాను. "థాంక్యూ అంకుల్, ఆప్ నా హోతే తో..." నేను లేకపోతే పని అయ్యేది కాదట. తొమ్మిదో తరగతి తప్పినవాడి మాట ఇంజనీరమ్మ రాసుకుంది!

జూలై 2
వార్డు ఆఫీసులో మ్యాప్ అతికించారు. ఎరుపు అక్క ఇంటి దాకా వచ్చి పక్కకి వంగింది. నా చెప్పులకి రెక్కలు.
ఎరుపు ఇళ్ళకి వాన ముదిరితే ముందే కబురు, స్కూల్లో చోటు. మిగతావాళ్ళకి అక్కర్లేదట.

జూలై 5
అక్క కొత్త గ్రైండర్ కొంది. నేల మీదే పెట్టింది.
"మీ బావ పోయినా నన్ను కాశాడు తమ్ముడూ. ఆ గీత ఎప్పుడు గీశాడో, నాకు తెలీనే తెలీదు."
కళ్ళు తుడుచుకుంది. నేను ఇంకో ఇడ్లీ అడిగాను.

జూలై 19
మూడో రోజు వాన. నాలా అరుస్తోంది. ఎరుపు ఇళ్ళవాళ్ళు మూటలతో స్కూలుకి. అక్క అరుగు మీద నిలబడి చెయ్యి ఊపుతోంది — "మనకేటి భయం! మీ బావ గీత ఉంది కదా!"
గొడుగు ఒళ్ళో పెట్టుకుని ఇది రాస్తున్నాను. ముందు కాగితానికి చెబితే ఆమెకి చెప్పడానికి నోరు వస్తుందేమో.
ఆ పెద్ద వరద ఏడు అక్క బొబ్బిలిలో ఉంది. ఈ ఇంట్లో బురద కడిగింది నేనూ బావా. నీళ్ళు గోడ మీది కరెంటు మీటరు పెట్టె దాకా వచ్చాయి. "దానికి చెప్పకురా, భయపడుద్ది" అన్నాడు.
బావ ఏ గీతా గీయలేదు. పన్నెండో తారీఖున అక్క రేషన్‌కి వెళ్ళినప్పుడు నేనే గీశాను. మా గేటుకి వేయగా మిగిలిన ఎర్ర రంగు. పాతబడినట్టు ఉండాలని పైన చాయ్ నీళ్ళు.