టీ చల్లారేలోపు

చెల్లెమ్మా,

బావ పోయినప్పుడు కబురు ఆలస్యంగా అందిందని నీకు చెప్పాను. అది అబద్ధం. వేళకే అందింది.

మా పరిశోధన కేంద్రం సంగతి నీకు తెలుసుగా. లోపల పది నిమిషాలు గడిస్తే బయట మూడు రోజులు అయిపోతాయి. అందుకే, ఇంటి నుంచి కబురొస్తే ఉన్నవాళ్లు ఉన్నట్టే పరిగెత్తాలని గోడ మీద ఎర్ర రంగుతో రాసి ఉంటుంది. అది రాసింది నేనే.

"మీ బావ నిన్నే అడుగుతున్నారు, వెంటనే రా" అన్న నీ చీటీ వచ్చేసరికి నా చేతిలో టీ గ్లాసుంది. చదివాను. టీ కాలిపోతోంది. ఊదుకుంటూ మొత్తం తాగాను. గ్లాసు కడిగి బోర్లించాను కూడా.

బయటికొచ్చేసరికి అంతా అయిపోయింది. "మా బావమరిది వస్తాడు" అంటూ మంచం పక్క కుర్చీలో బావ చివరిదాకా ఎవర్నీ కూర్చోనివ్వలేదని నర్సు చెప్పింది. నువ్వేమో వచ్చినవాళ్లందరి దగ్గరా "పాపం, అన్నయ్య తప్పేం లేదు" అని నన్ను వెనకేసుకొచ్చావు. నేను తలొంచుకుని విన్నాను.

ఉద్యోగం మానేశాను. నీకు మొహం చూపించలేక, కేంద్రం గేటు బయట బెంచీ మీద కూర్చుని ఇది రాస్తున్నాను. క్షమించానని మాత్రం రాయకు. రమ్మని ఒక్క మాట రాయి, వెంటనే వస్తాను. కూర్చోమనకు. నిలబడే చీవాట్లు తింటాను.

నీ అన్నయ్య